పదేళ్ళ కిందటి ఆర్ స్క్రిప్ట్‌ని ఇప్పటి ఆర్‌లో నడిపించడం ఎలా

మొన్నామధ్య మా జూనియర్ ఒకమ్మాయి ఫోన్ చేసింది. అగ్రికల్చర్‌లో పీహెచ్‌డీ చేస్తోంది, వేరుశనగ మీద. "అక్కా, సార్ 2014లో వాడిన ఆర్ స్క్రిప్ట్ ఇచ్చారు, ముందు ఆయన డేటాతో రన్ చేసి చూసుకుని తర్వాత నా డేటా పెట్టుకోమన్నారు, అసలు మూడో లైన్ కూడా దాటట్లేదు" అంది. ఆర్ అంటే డేటా లెక్కలకీ గ్రాఫ్‌లకీ వాడే ఫ్రీ ప్రోగ్రామింగ్ భాష, స్క్రిప్ట్ అంటే దాంట్లో వరసగా రాసిపెట్టుకున్న ఆదేశాల ఫైల్. సరే పంపించు చూద్దాం అన్నా. ఎర్రర్లన్నీ గంటన్నరలో పోయాయి, మిగతా రెండ్రోజులూ ఎర్రర్ రాని చోట్ల పోయాయి. ఇలాంటి పాత స్క్రిప్ట్‌లు ఇప్పుడు ప్రతి డిపార్ట్‌మెంట్‌లోనూ పెన్‌డ్రైవ్‌ల్లో తిరుగుతున్నాయి కాబట్టి మేం ఎలా చేశామో రాసేస్తున్నా, ఇంకెవరికైనా రెండ్రోజులు మిగిలితే మంచిదే కదా.

ఒక మాట ముందే చెప్తా, ఫంక్షన్ పేర్లు పలికినట్టే తెలుగులో రాస్తున్నా, మధ్యలో చుక్క కనిపిస్తే అది నిజంగా చుక్కే, టైప్ చేసేటప్పుడు అలాగే పెట్టుకోండి.

మొదటి పని, ఆ ఫోల్డర్ మొత్తం కాపీ చేసి ఒరిజినల్‌ని పక్కన పెట్టేయండి. స్క్రిప్ట్ ఒక్కటే కాదు, సీఎస్‌వీలు, ఆర్‌డేటా ఫైళ్ళు, ఆ రోజుల్లో వచ్చిన గ్రాఫ్‌ల బొమ్మలు, అప్పటి థీసిస్‌లోని టేబుల్స్ ఉన్న వర్డ్ ఫైల్, అన్నీ. ఆ వర్డ్ ఫైలే చివర్లో మీకు సాక్ష్యం. సీఎస్‌వీని మాత్రం ఎక్సెల్‌లో తెరిచి సేవ్ కొట్టకండి, డేట్‌లు ఫార్మాట్ మారిపోతాయి, తర్వాత తప్పు ఆర్‌దా ఎక్సెల్‌దా అని తలపట్టుకోవాలి.

రెండోది స్క్రిప్ట్ వయసు కనిపెట్టడం. చాలామంది ఇది వదిలేసి డైరెక్ట్‌గా రన్ కొడతారు. ఫైల్ మీద ఉన్న డేట్‌ని నమ్మలేం, ఎవరో మెయిల్‌లో డౌన్‌లోడ్ చేసుకుంటే ఆ రోజు డేట్ పడిపోతుంది. కోడ్ లోపల మాత్రం ఆనవాళ్ళు ఉంటాయి, పాత ఇంటి గోడ చూసి సున్నమా సిమెంటా అని ఏ కాలానిదో చెప్పినట్టు. దానికి ఆర్ ఎలా పెరిగిందో కొంచెం తెలియాలి, అందుకే ఇక్కడ కాస్త కథ.

ఆర్‌కి అమ్మలాంటిది ఎస్ అనే భాష. అమెరికాలో న్యూజెర్సీ మర్రే హిల్‌లో బెల్ ల్యాబ్స్ ఉంది కదా, అక్కడ 1976లో జాన్ ఛాంబర్స్, రిక్ బెకర్ వాళ్ళు మొదలుపెట్టారు. అప్పటిదాకా వాళ్ళ దగ్గర ఫోర్ట్రాన్‌లో రాసిన స్టాటిస్టిక్స్ రొటీన్లు పెద్ద గుట్ట ఉంది, చిన్న రిగ్రెషన్‌కి కూడా ప్రోగ్రామ్ రాయాలి, అలా కాకుండా కూర్చుని డేటాతో మాట్లాడినట్టు ఒక్కో లైన్ కొడుతూ జవాబు చూసుకునేలా ఉండాలని ఎస్ తీసుకొచ్చారు. 1988 నాటికి దాన్ని చాలావరకు తిరగరాశారు, 1992 టైమ్‌లో మోడల్స్ కోసం ఆ ~ గుర్తుతో ఫార్ములా రాసే పద్ధతి, డేటా ఫ్రేమ్ వచ్చాయి. మనం ఇప్పటికీ రాసే ఆ "దిగుబడి ~ ట్రీట్‌మెంట్ + బ్లాక్" అనే లైన్ వయసు ముప్పై ఏళ్ళ పైనే అన్నమాట. ఎస్‌ని ఎస్‌-ప్లస్ పేరుతో సియాటిల్ కంపెనీ ఒకటి డబ్బులకి అమ్మేది.

ఇక న్యూజిలాండ్‌లో ఆక్లాండ్ యూనివర్సిటీ, 90ల మొదట్లో, రాస్ ఇహాకా, రాబర్ట్ జెంటిల్‌మన్ అనే ఇద్దరు టీచర్లు, వాళ్ళ ల్యాబ్‌లో ఉన్న మాకింటాష్‌ల మీద స్టూడెంట్స్‌కి నేర్పడానికి ఎస్ లాంటిది ఒకటి సొంతంగా రాసుకున్నారు. ఇద్దరి పేర్లూ ఆర్‌తోనే మొదలు, ఎస్‌కి ముందు అక్షరం కూడా ఆరే, పేరు అలా కుదిరింది. 1993లో కొంచెం బయటికి వదిలారు, జ్యూరిక్ నుంచి మార్టిన్ మాక్లర్ పట్టుబట్టి ఒప్పిస్తే 1995లో సోర్స్ మొత్తం ఫ్రీ లైసెన్స్ కింద ఇచ్చేశారు. ఆ ఒక్క నిర్ణయం వల్లే ఇవాళ మన దగ్గర స్కాలర్లు క్రాక్ కాపీల కోసం వెతుక్కోకుండా పని చేసుకుంటున్నారు. 1997లో ప్యాకేజీలు, అంటే ఎవరికి వాళ్ళు రాసిచ్చిన అదనపు ఫంక్షన్ల కట్టలు, పెట్టుకోడానికి క్రాన్ అనే సైట్ మొదలైనప్పుడు అందులో ఉన్నవి 12 ప్యాకేజీలు, ఇప్పుడు 20 వేలు దాటాయి. 1.0.0 వెర్షన్ 2000 సంవత్సరం ఫిబ్రవరి 29న వచ్చింది, లీపు రోజున. 2.0.0 2004లో, 3.0.0 2013లో, 4.0.0 2020 ఏప్రిల్‌లో.

ఇప్పుడు ఆనవాళ్ళు. స్క్రిప్ట్‌లో విలువ ఇవ్వడానికి <- బదులు ఉత్త అండర్‌స్కోర్ కనిపించిందనుకోండి, "ఎక్స్ _ 5" అని, అది 2003 కంటే ముందుది, లేదా ఎస్‌-ప్లస్ నుంచి వచ్చింది. ఎందుకంటే 1963 నాటి ఆస్కీ అనే కంప్యూటర్ అక్షరాల పట్టికలో ఇప్పుడు అండర్‌స్కోర్ ఉన్న స్థానంలో ఎడమవైపు బాణం ఉండేది, కాబట్టి పాతవాళ్ళకి అది సహజంగానే బాణం. ఆర్ 1.8.0లో ఆ వాడుక తీసేశారు, ఆ తర్వాతే పేర్లలో అండర్‌స్కోర్ పెట్టుకోనిచ్చారు. పాత ఫంక్షన్లన్నీ రీడ్.టేబుల్, డేటా.ఫ్రేమ్ అని చుక్కలతో ఉండి కొత్త ప్యాకేజీల ఫంక్షన్లు గ్రూప్_బై అని అండర్‌స్కోర్‌తో ఎందుకుంటాయి అని నాకు చాలా ఏళ్ళు డౌట్ ఉండేది, సంగతి ఇదీ. ఇలాంటి స్క్రిప్ట్ దొరికితే రిపేర్ చెయ్యకండి, చదివి అర్థం చేసుకుని మళ్ళీ రాసుకోండి, అదే తొందరగా అవుతుంది.

గ్రాఫ్‌లు గీసే జీజీప్లాట్2 ప్యాకేజీలో ఆప్ట్స్ అనే ఫంక్షన్ కనిపిస్తే 2012 చుట్టుపక్కలది లేదా ఇంకా ముందుది, ఆ ఏడాదే దాని బదులు థీమ్ వచ్చింది. ప్లయర్, రీషేప్2 ప్యాకేజీలు, మెల్ట్, డీకాస్ట్ కనిపిస్తే 2010 నుంచి 2014 మధ్య అనుకోవచ్చు. %>% అనే పైపు (ఒక ఫంక్షన్ జవాబుని తర్వాతిదానికి అందించే గుర్తు) కనిపిస్తే 2014 తర్వాతది. గ్యాదర్, స్ప్రెడ్ ఉంటే 2014 నుంచి 2019 మధ్య, 2019లో వాటి స్థానంలో పివట్_లాంగర్, పివట్_వైడర్ వచ్చాయి. ఏ ప్యాకేజీ లేకుండానే |> అనే పైపు వాడి ఉంటే అది 2021లో వచ్చిన 4.1.0 తర్వాతది, దాన్ని పాత స్క్రిప్ట్ అనక్కర్లేదు. ఇవి నిక్కచ్చి కాదు, ఇప్పటికీ మెల్ట్ వాడేవాళ్ళు బోలెడుమంది ఉన్నారు (నేనూ వాడతా), కానీ నాలుగు ఆనవాళ్ళు ఒకే కాలాన్ని చూపిస్తే నమ్మొచ్చు. మా అమ్మాయి స్క్రిప్ట్‌లో ప్లయర్, రీషేప్2 ఉన్నాయి, పైపు ఒక్కటీ లేదు, అంటే 3.0 లేదా 3.1 అనుకున్నాం. సార్ చెప్పిన 2014కి సరిపోయింది.

మూడో పని, ఆ పాత వెర్షన్‌నే ఇన్‌స్టాల్ చెయ్యండి. అవును, కొత్తది తీసెయ్యక్కర్లేదు, విండోస్‌లో ఆర్ ఒక్కో వెర్షన్ ఒక్కో ఫోల్డర్‌లో కూర్చుంటుంది, రెండూ పక్కపక్కనే ఉంటాయి, గొడవపడవు. క్రాన్ సైట్‌లో విండోస్ పేజీ కింద పాత రిలీజ్‌లు అన్నీ ఉంటాయి. మ్యాక్ అయితే రిగ్ అనే చిన్న టూల్ ఉంది, వెర్షన్లు మార్చుకోడానికి బావుంటుంది. ఆర్ రాసుకోడానికి ఎక్కువమంది వాడే ఆర్‌స్టూడియో ప్రోగ్రామ్‌లో టూల్స్, గ్లోబల్ ఆప్షన్స్, జనరల్‌లోకి వెళ్తే ఏ ఆర్ వాడాలో మార్చుకోవచ్చు, కానీ ఇప్పటి ఆర్‌స్టూడియో మరీ ముసలి ఆర్‌ని దగ్గరకి రానివ్వదు, అప్పుడు ఆర్‌తో పాటే వచ్చే ఆ తెల్ల కన్సోల్ విండోలోనే పని కానివ్వాలి. 2011లో ఆర్‌స్టూడియో రాకముందు చాలామంది అందులోనే చేశారు, మనకేం కాదు.

అసలు తిప్పలు ప్యాకేజీలతో. పాత ఆర్‌కి పాత ప్యాకేజీలే కావాలి, ఇవాళ్టి జీజీప్లాట్2ని 3.1లో పెట్టలేం. క్రాన్‌లో ప్రతి ప్యాకేజీకీ ఆర్కైవ్ ఫోల్డర్ ఉంటుంది, అందులో ప్రతి వెర్షనూ డేట్‌తో సహా ఉంటుంది, మీ స్క్రిప్ట్ డేట్‌కి కొంచెం ముందుది తీసుకోండి. ఒకప్పుడు మైక్రోసాఫ్ట్ వాళ్ళు ఎంరాన్ అని రోజువారీ స్నాప్‌షాట్‌లు పెట్టేవాళ్ళు, పాత ట్యుటోరియల్స్‌లో అది కనిపిస్తుంది, 2023లో మూసేశారు, దానికోసం వెతకొద్దు. ఇప్పుడు పాజిట్ వాళ్ళ ప్యాకేజీ మేనేజర్‌లో డేట్ ఎంచుకుంటే ఆ రోజుటి క్రాన్ ఎలా ఉందో అలా ఇస్తుంది, కానీ మరీ వెనక్కి పోదు. పాజిట్ అంటే పాత ఆర్‌స్టూడియో కంపెనీయే, 2022లో పేరు మార్చుకున్నారు. ఇంకొకటి, 3.2 కంటే పాత ఆర్‌కి హెచ్‌టీటీపీఎస్ సైట్లతో సరిగ్గా పడదు, డౌన్‌లోడ్ దగ్గరే ఆగిపోతే ప్యాకేజీ ఫైల్‌ని బ్రౌజర్‌లో దించుకుని కంప్యూటర్‌లో ఉన్న ఫైల్ నుంచి ఇన్‌స్టాల్ చెయ్యండి. సోర్స్ ప్యాకేజీలో సీ కోడ్ ఉంటే విండోస్‌లో ఆర్‌టూల్స్ కూడా కావాలి, అదీ ఆర్ వెర్షన్‌కి తగ్గదే, 3.3 నుంచి 3.6 దాకా అయితే ఆర్‌టూల్స్ 3.5 సరిపోతుంది, 4.0 నుంచి వేరేవి. డాకర్ తెలిసినవాళ్ళయితే రాకర్ ఇమేజ్‌లు వెర్షన్ నంబర్‌తో దొరుకుతాయి, ఈ బాధల్లో సగం తప్పుతుంది.

ఇదంతా ఎందుకు, డైరెక్ట్‌గా కొత్తదాంట్లోనే సరిచేసుకుంటూ పోవచ్చు కదా అంటారు. ఆ అమ్మాయీ అదే అడిగింది. పాతదాంట్లో ఒక్కసారైనా పూర్తిగా నడిచి, థీసిస్ టేబుల్‌లో ఉన్న అంకెలే వస్తే, మీ చేతిలో ఉన్నది సరైన స్క్రిప్టే, సరైన డేటానే అని తేలుతుంది. అది తేలకుండా కొత్తదాంట్లో అంకెలు మారితే ఎవర్ని అనుమానించాలి? మాకు పాత ఆర్‌లో రన్ అయ్యాక ఎఫ్ విలువలు (ట్రీట్‌మెంట్ల మధ్య తేడా నిజమా కాదా అని చూసే అనోవా లెక్కలో వచ్చే అంకెలు) థీసిస్‌తో దశాంశాలతో సహా కలిశాయి. ఆ రిజల్ట్స్ అన్నీ సేవ్‌ఆర్‌డీఎస్‌తో ఫైల్‌గా దాచుకోండి. పాత ఆర్‌లో దాచింది కొత్త ఆర్ తెరుస్తుంది, అటు నుంచి ఇటు మాత్రం కుదరకపోవచ్చు, 3.6.0 నుంచి ఫైల్ ఫార్మాట్ మారింది, 3.5 కంటే పాతవి దాన్ని చదవలేవు.

ఇప్పుడు కొత్త ఆర్‌లో రన్ కొట్టండి. అరిచే ఎర్రర్లు ముందు వస్తాయి, వీటికి భయపడక్కర్లేదు.

ప్యాకేజీయే దొరకట్లేదు అంటే ఆర్కైవ్‌కి పోయి ఉంటుంది. మ్యాప్‌లు గీసిన స్క్రిప్ట్ అయితే గ్యారంటీగా ఇదే, ఆర్‌జీడాల్, ఆర్‌జీయోస్, మ్యాప్‌టూల్స్ మూడూ 2023 అక్టోబర్‌లో క్రాన్ నుంచి వెళ్ళిపోయాయి, వాటిని చూసుకునే ప్రొఫెసర్ రిటైర్ అయ్యారు, ముందు నుంచే చెప్తూ వచ్చారు పాపం. వాటి బదులు ఎస్ఎఫ్, టెర్రా నేర్చుకోవాల్సిందే. మ్యాప్ అంటే గుర్తొచ్చింది, 2014 స్క్రిప్ట్‌లో తెలంగాణ జిల్లాలు 10 ఉంటాయి, 2016లో 31 అయ్యాయి, 2019లో 33, ఆంధ్రాలో 13 ఉన్నవి 2022 ఏప్రిల్‌లో 26 అయ్యాయి, కాబట్టి జిల్లా పేర్లు చేత్తో టైప్ చేసి పెట్టిన లిస్ట్ ఉంటే కొత్త డేటాలో సగం వరసలు ఎన్ఏ, అంటే విలువ లేనివి, అయిపోతాయి. ఆ తిట్లు ఆర్‌కి తగలకూడదు.

ఇఫ్ దగ్గర కండిషన్ పొడవు ఒకటి కంటే ఎక్కువ అని ఎర్రర్ వస్తే, అది 4.2.0 పని. అంతకుముందు వార్నింగ్ ఇచ్చి మొదటిదాన్ని మాత్రమే చూసి ముందుకి పోయేది. 4.3.0లో && కి, || కి కూడా అదే రూల్ పెట్టారు. ఇది ఎక్కువగా ఎక్కడ తగులుతుందంటే "క్లాస్ మ్యాట్రిక్స్ అయితే" అని రాసిన ఇఫ్‌లలో, ఎందుకంటే 4.0.0 నుంచి మ్యాట్రిక్స్‌ని అడిగితే నా క్లాస్ మ్యాట్రిక్స్, అర్రే అని రెండు పేర్లు చెప్తుంది, రెండు పేర్లని ఒకదానితో పోలిస్తే రెండు జవాబులు, రెండు జవాబులు ఇఫ్‌కి పనికిరావు. ఈజ్.మ్యాట్రిక్స్ కానీ ఇన్‌హెరిట్స్ కానీ వాడితే పోతుంది.

జీజీప్లాట్‌లో ఫన్.వై బదులు ఇప్పుడు ఉత్త ఫన్, గీత మందానికి సైజ్ బదులు లైన్‌విడ్త్, ఇలాంటివి వార్నింగ్‌లోనే ఏం చెయ్యాలో చెప్తాయి, చెప్పినట్టు చేసెయ్యండి. ప్లయర్, డీప్లయర్ రెండూ ఉంటే ప్లయర్‌ని ముందు లోడ్ చెయ్యండి. తర్వాత లోడ్ చేస్తే ప్లయర్‌లోని సమ్మరైజ్ వచ్చి డీప్లయర్‌లోని సమ్మరైజ్‌ని కప్పేస్తుంది, గ్రూపుల వారీగా రావాల్సిన సగటు మొత్తానికి ఒక్కటే వస్తుంది.

ఎర్రర్లు అయిపోయాక చాలామంది హమ్మయ్య అనుకుని ఆపేస్తారు. ఆ అమ్మాయి కూడా "అయిపోయిందక్కా, నడిచింది" అని మెసేజ్ పెట్టేసింది. పాత రిజల్ట్ ఫైల్‌తో పోల్చి చూడమన్నా. ఆల్.ఈక్వల్ అనే ఫంక్షన్‌కి రెండూ ఇస్తే చాలు, చిన్నచిన్న దశాంశాల తేడా వదిలేసి అసలు తేడాలే చెప్తుంది. ఒక్క ఎఫ్ విలువ కూడా కలవలేదు.

మొదటి దొంగ శాంపిల్ ఫంక్షన్. సార్ స్క్రిప్ట్‌లో పైనే సెట్.సీడ్ 123 అని ఉంది, తర్వాత శాంపిల్‌తో ఏ ప్లాట్‌కి ఏ ట్రీట్‌మెంటో చీట్లు తీసినట్టు తీసి, ఆ లేఅవుట్ ప్రకారమే పొలంలో వేశారు. లేఅవుట్‌ని మాత్రం ఫైల్‌లో దాచలేదు, సీడ్ ఉంది కదా ఎప్పుడు కావాలంటే అప్పుడు అదే వస్తుంది అనుకున్నారు, ఆ రోజుల్లో అందరం అలాగే అనుకున్నాం. 2019లో వచ్చిన 3.6.0లో శాంపిల్ లోపలి పద్ధతి మార్చారు, పాతది పెద్ద సంఖ్యల దగ్గర అందరికీ సమానంగా అవకాశం ఇవ్వట్లేదని. మార్పు మంచిదే, కానీ సీడ్ అదే అయినా జవాబు వేరు. మీరే చూడండి, సీడ్ 123 పెట్టి 1 నుంచి 10 దాకా కలిపితే పాతదాంట్లో 3, 8, 4, 7, 6, 1, 10, 9, 2, 5 వస్తుంది, కొత్తదాంట్లో 3, 10, 2, 8, 6, 9, 1, 7, 5, 4. మొదటి అంకె రెండిట్లోనూ 3 కావడంతో పైపైన చూసినవాళ్ళు కలిసిందనే అనుకుంటారు. ఆర్‌నార్మ్, ఆర్‌యూనిఫ్ లాంటివి మాత్రం మారలేదు, అందుకే ఇది ఇంకా పట్టుబడదు. మా కేసులో ఏమైందంటే పొలంలో ఉన్న పంట ఒకటి, కొత్త ఆర్ అనుకున్న ట్రీట్‌మెంట్ ఇంకొకటి, ఎరువు వేసిన ప్లాట్ కంట్రోల్ అయిపోయింది, కంట్రోల్ ఎరువు ప్లాట్ అయిపోయింది, ఆర్ మాత్రం ఏ ఎర్రరూ లేకుండా బుద్ధిగా అనోవా టేబుల్ ఇచ్చింది.

దీనికి మందు సులువే, సెట్.సీడ్ కంటే ముందు ఆర్‌ఎన్‌జీవెర్షన్ అనే ఫంక్షన్‌లో కోట్స్‌లో 3.5.0 అని ఇస్తే పాత పద్ధతిలోనే తీస్తుంది, ఒక వార్నింగ్ ఇస్తుంది, ఇవ్వనివ్వండి. లేఅవుట్ రాగానే దాన్ని సీఎస్‌వీగా దాచేసి, ఇకమీదట స్క్రిప్ట్ ఆ ఫైల్‌నే చదివేలా మార్చండి. ఆ పని అయ్యాక ఆర్‌ఎన్‌జీవెర్షన్ లైన్ తీసెయ్యండి, మీ కొత్త పనికి పాత పద్ధతి అక్కర్లేదు. వీలైతే ఫీల్డ్ బుక్‌లో చేత్తో గీసిన ప్లాన్‌తో ఒకసారి సరిచూసుకోండి, మేం చూశాం, కలిసింది.

అది సరిచేశాక గింజల దిగుబడి టేబుల్ కలిసిపోయింది. మొక్కకి కాయలెన్ని అనే టేబుల్ మాత్రం కలవలేదు. పైగా ఇక్కడ కొత్త ఆర్ వార్నింగ్ ఇస్తోంది, కొన్ని విలువలు ఎన్ఏ అయ్యాయని, పాతది ఏ వార్నింగూ లేకుండా నడిచింది. "అక్కా, వార్నింగ్ రాని పాతదే కరెక్ట్ కదా" అంది. నేనూ ఒక పూట అదే అనుకున్నా.

ఇక్కడ మళ్ళీ కొంచెం వెనక్కి వెళ్ళాలి. ఎస్ రోజుల్లో డేటా ఫ్రేమ్‌లో అక్షరాలు ఉన్న కాలమ్ అంటే అది రకమో, బ్లాకో, ఊరో, మగా ఆడా అనో అయ్యుంటుంది, మోడల్‌లో వాడుకోడానికే కదా అని, టెక్స్ట్ కనపడగానే ఫ్యాక్టర్‌గా మార్చేసేవాళ్ళు. ఫ్యాక్టర్ అంటే లోపల 1, 2, 3 అని కోడ్‌లు, పైన పేర్ల చీటీలు. మెమరీ కూడా కలిసొచ్చేది, ఒకే పేరు వెయ్యిసార్లు దాచే బదులు వెయ్యి కోడ్‌లు. ఆర్ కూడా అదే అలవాటు పట్టుకుంది, రీడ్.సీఎస్‌వీలో స్ట్రింగ్స్‌యాజ్‌ఫ్యాక్టర్స్ అనే సెట్టింగ్ ఎప్పుడూ ట్రూలోనే ఉండేది. 2007లో 2.6.0 వచ్చాక ఒకే టెక్స్ట్‌ని ఒకసారే దాచే ఏర్పాటు లోపలే వచ్చింది, మెమరీ కారణం పోయింది, అలవాటు మాత్రం పోలేదు. జనం ఏళ్ళ తరబడి మొత్తుకుని, ప్రతి స్క్రిప్ట్ పైన దాన్ని ఫాల్స్ చేసుకుంటూ బతికి, చివరికి 2020లో 4.0.0లో ఫాల్స్‌గా మార్చారు.

ఇప్పుడు సార్ సీఎస్‌వీ చూడండి. కాయల కాలమ్‌లో రెండు ప్లాట్లు కుళ్ళు తెగులుకి పోయాయి, డేటా ఎంట్రీ చేసినవాళ్ళు అక్కడ ఖాళీ వదలకుండా ఒక అడ్డగీత పెట్టారు. ఒక్క గీత ఉన్నా చాలు, ఆర్‌కి ఆ కాలమ్ మొత్తం టెక్స్ట్. పాత ఆర్ దాన్ని ఫ్యాక్టర్ చేసింది. కింద స్క్రిప్ట్‌లో యాజ్.న్యూమరిక్ అని ఉంది, అంకెలుగా మార్చమని. ఫ్యాక్టర్‌ని అలా అడిగితే పైన చీటీ మీద ఉన్న అంకె ఇవ్వదు, లోపలి కోడ్ ఇస్తుంది! ఆ కోడ్‌లు వరస కూడా అంకెల వరస కాదు, అక్షరాల వరస. గీత, 12, 27, 9 అని నాలుగే విలువలు ఉన్నాయనుకోండి, గీతకి 1, 12కి 2, 27కి 3, 9కి 4. తొమ్మిదే కాయలు కాసిన మొక్కకి అన్నిటికంటే పెద్ద కోడ్, ఎండిపోయిన ప్లాట్‌కి కూడా 1 అని ఒక విలువ. దిగుబడి కాలమ్‌లో ఇలా జరిగి ఉంటే హెక్టారుకి 14 కిలోలు అని వచ్చి ఎవరైనా పట్టుకునేవాళ్ళు. కాయల లెక్క కాబట్టి సగటు పదీ పదిహేను మధ్య వచ్చింది, చూడ్డానికి నిజంలాగే ఉంది.

కొత్త ఆర్‌లో ఆ కాలమ్ టెక్స్ట్‌గానే ఉండిపోతుంది, యాజ్.న్యూమరిక్ అంటే 12ని 12గా, 9ని 9గా ఇచ్చి, గీతని అంకె చెయ్యలేక ఎన్ఏ చేసి అదే వార్నింగ్‌లో చెప్తోంది. అంటే వార్నింగ్ ఇచ్చిందే కరెక్ట్, థీసిస్‌లో ఉన్నది తప్పు.

కాబట్టి మీ దగ్గర ఏం చెయ్యాలంటే, స్క్రిప్ట్‌లో యాజ్.న్యూమరిక్ ఉన్న ప్రతి చోటా ఆగి, అది పని చేసే కాలమ్‌ని పాత ఆర్‌లో స్ట్రక్చర్ చూపించే ఎస్‌టీఆర్ ఫంక్షన్‌తో చూడండి. ఫ్యాక్టర్ అని కనిపిస్తే పాత రిజల్టే తప్పయి ఉండొచ్చు. రీడ్.సీఎస్‌వీలోనే ఎన్ఏ.స్ట్రింగ్స్‌లో అడ్డగీత, ఖాళీ, ఇంకా మీవాళ్ళు ఏం పెడతారో అవన్నీ ఇచ్చేస్తే కాలమ్ మొదట్నుంచీ అంకెలుగానే వస్తుంది. నిజంగా ఫ్యాక్టర్ కావాల్సిన కాలమ్‌లు, రకం, బ్లాక్ లాంటివి, ఒక్కొక్కటీ ఫ్యాక్టర్ అని మీరే మార్చండి, లెవెల్స్ వరస కూడా మీరే ఇవ్వండి. పాత స్క్రిప్ట్‌లో లెవెల్స్ అనే ఫంక్షన్ వాడి ఉంటే కొత్తదాంట్లో ఉత్త నల్ వస్తుంది, దాని మీద ఆధారపడ్డ లూప్ ఒక్కసారి కూడా తిరగదు, ఎర్రరూ రాదు, అక్కడా ఒక కన్నేయండి. తొందరగా తేల్చుకోవాలంటే రీడ్.సీఎస్‌వీలో స్ట్రింగ్స్‌యాజ్‌ఫ్యాక్టర్స్ ట్రూ పెట్టి ఒకసారి రన్ చేయండి, పాత అంకెలు తిరిగొస్తే దొంగ దొరికినట్టే. చూసుకున్నాక తీసెయ్యడం మర్చిపోకండి.

పనిలో పనిగా కాయల లెక్కకి మామూలు అనోవా కాకుండా జీఎల్ఎమ్ అనే మోడల్‌లో, లెక్కపెట్టే అంకెలకి సరిపడే పాయిసన్ పెట్టి చూడమన్నా. జీఎల్ఎమ్ మీద అనోవా అడిగేటప్పుడు టెస్ట్ దగ్గర రావ్ అని ఇవ్వొచ్చు, స్కోర్ టెస్ట్ చేస్తుంది. ఆ రావ్ మన సి.ఆర్.రావు గారే, వాల్తేరు ఆంధ్రా యూనివర్సిటీలో లెక్కలు చదివిన ఆయన, 1948లో ఇచ్చిన టెస్ట్ అది. ఆ అమ్మాయికి ఇది చెప్తే గ్రాఫ్ కంటే దానికే ఎక్కువ సంబరపడింది.

గ్రాఫ్‌లు అంటే, 4.0.0లో డిఫాల్ట్ రంగులు మార్చారు, పాత ఆ కళ్ళు పొడిచే ఎరుపు, పచ్చ పోయి కాస్త మెత్తటివి వచ్చాయి. థీసిస్‌లో పాత బొమ్మల పక్కన కొత్తవి పెడితే తేడా కనిపిస్తుంది, పాతవే కావాలంటే ప్యాలెట్ అనే ఫంక్షన్‌కి కోట్స్‌లో ఆర్3 అని ఇవ్వండి.

మనవాళ్ళకి కలిసొచ్చిన మార్పు ఒకటుంది. విండోస్‌లో పాత ఆర్‌కి తెలుగు రాదు, ఊరి పేరు తెలుగులో పెడితే డేటా ఫ్రేమ్‌లో "త" బదులు <యూ+0సీ24> అని ఇలా కోడ్‌ల గొలుసు కనిపించేది. తెలుగుకి విండోస్ పాత పద్ధతిలో సొంత కోడ్ పేజీయే లేదు, యూనికోడ్ ఒక్కటే దిక్కు, ఆర్ ఏమో విండోస్‌లో ఆ పాత పద్ధతినే పట్టుకుని వేలాడేది. 2022 ఏప్రిల్‌లో వచ్చిన 4.2.0 నుంచి విండోస్‌లో కూడా యూటీఎఫ్‌-8 అయ్యింది, మీ విండోస్ 10 మాత్రం 1903 వెర్షన్ కానీ అంతకంటే కొత్తది కానీ ఉండాలి. పాత స్క్రిప్ట్‌లో ఎన్‌కోడింగ్ కోసం చేసిన ఐకాన్వ్, లొకేల్ మార్చడం లాంటి తంటాలు ఉంటే కొత్తదాంట్లో అవే తెలుగుని చెడగొట్టొచ్చు, తీసేసి చూడండి. గ్రాఫ్‌లో వత్తులు విడిపోతుంటే రాగ్ అనే ప్యాకేజీతో, తెలుగు ఫాంట్ పేరు ఇచ్చి సేవ్ చేయండి, సరిగ్గా కూర్చుంటాయి.

అన్నీ కలిశాక, లేదా ఎందుకు కలవట్లేదో తెలిశాక, చివర్లో రెండు పనులు. ఆ ఫోల్డర్‌లో ఆర్ఎన్వ్ అనే ప్యాకేజీ మొదలుపెట్టి స్నాప్‌షాట్ తీస్తే ఏ ప్యాకేజీ ఏ వెర్షనో ఒక ఫైల్‌లో రాసుకుంటుంది, రేపు కంప్యూటర్ మారినా అవే తెచ్చుకోవచ్చు. ఆర్ఎన్వ్ ప్యాకేజీల సంగతే చూస్తుంది, ఆర్ వెర్షన్ నంబర్ రాసుకుంటుంది కానీ ఆర్‌ని అదే ఇన్‌స్టాల్ చెయ్యదు, ఆ ఇన్‌స్టాలర్ ఫైల్ కూడా ఫోల్డర్‌లో పడేయండి. రెండోది సెషన్‌ఇన్ఫో ఫంక్షన్ ఇచ్చేదంతా ఒక టెక్స్ట్ ఫైల్‌లో పెట్టండి, సార్ అది ఒక్కటి పెట్టి ఉంటే మేం పైపులూ మెల్ట్‌లూ చూసి వయసు లెక్కపెట్టుకునే పని ఉండేది కాదు.

సార్‌కి ఎలా చెప్పాలా అని ఆ అమ్మాయి రెండ్రోజులు తిరిగింది. చివరికి రెండు ఆర్‌లూ పక్కపక్కన తెరిచి, తొమ్మిది కాయల ప్లాట్ ఒక్కటే రెండిట్లో ఎంత చూపిస్తోందో చూపించింది. సార్ కాసేపు ఏం మాట్లాడలేదంట, బీరువాలోంచి 2014 ఫీల్డ్ బుక్ తీసి "ఆ టేబుల్ నీ థీసిస్‌లో సరిచేసి వెయ్యమ్మా, కింద ఎందుకు మారిందో రాయి" అన్నారంట. ఇప్పుడు ఆ ఫుట్‌నోట్ ఎలా రాయాలో చెప్పమని మళ్ళీ నాకే ఫోన్ చేస్తోంది.